తలాడించిన ఎలుగుబంటి

మొన్న గోంగూర దొరికింది. మా ఊరి ఇండియన్ స్టోర్‌కి గోంగూర రావడం ఎప్పుడో గాని జరగదు, వచ్చిందా, పదకొండింటికల్లా ఖాళీ. నాలుగు కట్టలు తెచ్చి సింకులో పోసి, పాత వంటల ఫైలు తీశాను. పెద్దమ్మ రాసిచ్చిన కాగితం అందులోనే ఉంది. నూనె మరకలు, పసుపు మరకలు, వాటి మధ్య ఆవిడ గుండ్రటి అక్షరాలు: “ఆకు కడిగి నీడన ఆరబెట్టు. తడి ఆరకుండా వేయించావా, నేను నేర్పానని ఎవరికీ చెప్పకు.” నేను ఆకు తుడుస్తూ ఉంటే మా అమ్మాయి ఆ కాగితాన్ని వెనక్కి తిప్పింది. దానికి పన్నెండేళ్ళు. “అమ్మా, బ్యాక్ సైడ్ ఏంటి ఇది? స్ప్రెడ్‌షీట్ లాగా ఉంది. పైన ఎందుకు హోల్స్ ఉంది?” అని అడిగింది. చెప్పడం మొదలుపెట్టాను. ఆ పూట గోంగూర పచ్చడి కాలేదు, పిజ్జా తెప్పించుకున్నాం.

ఆ కాగితం పై అంచున మూడు కన్నాలుంటాయి. మధ్యలో గుండ్రటిది, రెండు పక్కలా కోలగా ఉండేవి. కిందంతా సన్నటి గళ్ళు. ఒక్కో గీత సినిమాలో ఒక్కో ఫ్రేము, ఇరవై నాలుగు గీతలు దాటితే ఒక సెకను. బొమ్మ చెయ్యి ఎన్ని గీతల సేపు పైకెత్తి ఉండాలి, నోరు ఎక్కడ తెరవాలి, కన్ను ఎక్కడ ఆర్పాలి, ఇవన్నీ డైరెక్టరు పెన్సిలుతో అందులో నింపి ఇస్తే, కెమెరా దగ్గర కూర్చున్నవాడు దాని ప్రకారం బొమ్మలు మారుస్తూ ఒక్కొక్క ఫ్రేమే తీసేవాడు. టెలివిజన్ కొత్తగా ఇళ్ళలోకి వచ్చిన రోజుల్లో, అమెరికా పిల్లలు బడి నుంచి రాగానే చూసిన కార్టూన్ల కోసం అలాంటి కాగితాలు వేలకొద్దీ నింపినవాడు మా పెదనాన్నగారు, వెంకటరత్నంగారు. బందరు మనిషి. నిజానికి ఆయన మాకు ఏమీ కారు. నేను మాస్టర్స్ చదివే రోజుల్లో ఆయన ఇంట్లో ఒక గది అద్దెకు తీసుకున్నాను, అంతే చుట్టరికం.

ఆ గది దొరకడం కూడా ఒక కథే. చికాగో పక్కన అరోరాలో గుడి నోటీసు బోర్డు మీద, కార్పూల్ కాగితాలకీ సంగీతం క్లాసుల కాగితాలకీ మధ్య, తెలుగులో రాసిన చీటీ ఒకటి కనపడింది. “ఆడపిల్లకి గది ఇవ్వబడును. ఏం వండుకున్నా పరవాలేదు. తలుపు చప్పుడు కాకుండా వేయడం వచ్చి ఉండాలి.” అప్పటికి నేను అయిదుగురమ్మాయిలతో రెండు గదుల అపార్ట్‌మెంట్‌లో ఉన్నాను. ఇంట్లో నిశ్శబ్దం అన్న మాట విని ఎన్నాళ్ళో అయింది. పరుగున వెళ్ళాను. తలుపు తీసిన పెద్దాయనకి నమస్కారం పెట్టి “అంకుల్” అన్నాను. “అంకులేమిటమ్మా? మీ నాన్న కంటే పెద్దవాణ్ణి, పెదనాన్నా అను” అన్నారు. నేను ఊరుకోకుండా “తాతగారూ అనొచ్చా అండీ?” అని అడిగాను. ఆయన వెనక్కి తిరిగి “సుభద్రా, ఈ పిల్లకి గది ఇవ్వొద్దు” అని కేకేశారు. సుభద్రమ్మగారు, అంటే మా పెద్దమ్మ, తడిచేతులు తుడుచుకుంటూ వచ్చి, నన్ను పైనుంచి కిందిదాకా చూసి, “భోంచేశావా?” అంది. గది నాదైపోయింది.

ఆ ఇంట్లో టైము మన టైము కాదు. పెదనాన్నగారి మెడలో ఎప్పుడూ ఒక స్టాప్‌వాచ్ వేలాడుతూ ఉండేది. ఫిల్టర్లో డికాక్షన్ దిగడానికి ఎంతసేపు, ఇడ్లీ ఉడకడానికి ఎంతసేపు, అన్నీ నొక్కి చూసేవారు. మొదటి వారమే నన్ను పిలిచి, “తలుపు వేయడానికి పద్నాలుగు ఫ్రేములు చాలు. నువ్వు నాలుగులో వేసి గోడలు అదరగొడుతున్నావు” అన్నారు. నాకు ఒళ్ళు మండింది. ఆ తర్వాత నెల తిరక్కుండా నేను కూడా తలుపు వేస్తూ మనసులో లెక్కపెట్టుకోవడం మొదలుపెట్టాను. జోకు చెబితే ఆలస్యంగా నవ్వినా తప్పే. “ఎదుటివాడు చెప్పి అరసెకను ఆగాక నవ్వాలి, అప్పుడే వాడికి తృప్తి” అనేవారు. పెద్దమ్మ మాత్రం ఆ గడియారాన్ని లక్ష్యపెట్టేది కాదు. “మీ వాచీ చెప్పిందని పప్పు ఉడుకుతుందా?” అని మూత తీసి గరిటెతో నొక్కి చూసుకునేది. పప్పు సంగతిలో ఎప్పుడూ ఆవిడే నెగ్గేది.

బేస్‌మెంట్‌లోకి దిగితే పుల్లటి వాసన. మొదట్లో ఆవకాయ జాడీ ఏదో పాడైందనుకున్నాను. కాదు, పాత సెల్స్ వాసన అది. సెల్ అంటే బొమ్మ గీసి రంగు వేసే పారదర్శకమైన రేకు. పాతబడితే అది వెనిగర్ కంపు కొడుతుంది. పెద్దమ్మ ఊరగాయలు కూడా అక్కడే ఉండేవి కాబట్టి ఏది ఏ వాసనో ఎవరికీ తెలిసేది కాదు. ఆ వాసనలో పెదనాన్నగారు నాకు తన పని నేర్పారు. నేను చదివేది కంప్యూటర్లు, బొమ్మలతో సంబంధం లేదు. అయినా నేర్పారు, నేనూ నేర్చుకున్నాను.

ఆయన తండ్రి బందర్లో నాటకాలకి తెరలు రాసేవారు. ఆ రంగుల మధ్య పెరిగి, ఈయన వాణిజ్య చిత్రకళ నేర్చుకోవడానికి ఓడెక్కి చికాగో వచ్చారు. చదువు అయ్యాక ఒక చిన్న కార్టూన్ స్టూడియోలో సెల్స్‌కి రంగులు వేసే పనికి కుదిరారు. మూడేళ్ళలో డైరెక్టరయ్యారు. సినిమా హాలు కార్టూనుకి వేలకొద్దీ బొమ్మలు గీసేవారట. టెలివిజన్‌కి అంత తీరికా లేదు, అంతమంది మనుషులూ లేరు, వారానికొకటి తీసి ఇవ్వాలి. ఒళ్ళంతా ఒక రేకు మీద కదలకుండా పెట్టి, తల ఒక రేకు మీద, నోరు ఇంకో రేకు మీద గీసి, కావలసింది మాత్రం కదిపేవారు. “కదలని బొమ్మని బతికున్నట్టు చూపించాలి, అదీ మా పని” అనేవారు. ఎవరో పత్రికవాళ్ళు వచ్చి తోలుబొమ్మలాట చూసి నేర్చుకున్నారా అని అడిగారట. “తోలుబొమ్మలాట నేను చూసిందే లేదు. శుక్రవారంలోగా ఇవ్వకపోతే ఉద్యోగం పోతుందన్న భయం చూసి నేర్చుకున్నాను” అన్నారట ఈయన. ఆ ముక్క వాళ్ళు అచ్చువేయలేదు.

ఆయన తీసినవాటిలో పేరు పడ్డది ఒక ఎలుగుబంటి. రైలు గేటు దగ్గర టోపీ పెట్టుకుని నిలబడే కాపలాదారు. పిల్లలొచ్చి “దాటొచ్చా?” అని అడిగితే, రైలు లేకపోతే “ఓ, దాటండి” అంటుంది. అలా అంటూ తలని ఈ భుజం మీదికోసారి, ఆ భుజం మీదికోసారి వాల్చి ఊపుతుంది. మొదటి భాగం రాగానే తల్లుల దగ్గర్నుంచి ఉత్తరాల కుప్ప. నోటితో అవునంటుంది, తలతో కాదంటుంది, మా పిల్లలు దాటాలా ఆగాలా అని. స్టూడియో యజమాని, అందరూ బాస్ అనే ఆయన, ఈయన్ని పిలిచి అడిగాడు. ఈయన తడుముకోకుండా చెప్పారట: “తల పైకీ కిందికీ ఊపితే పైకి చూసే ముఖం, కిందికి చూసే ముఖం, మధ్యలోవి, అన్నీ కొత్తగా గీయాలి. పక్కకి వాలిస్తే ఉన్న బొమ్మనే తిప్పితే సరిపోతుంది.” బాస్ ఎగిరి గంతేశాడు. ఈలోగా వీధుల్లో పిల్లలందరూ ఎలుగుబంటిలా తలాడించడం మొదలుపెట్టారు. ఇక మార్చే మాటే లేదు. ఈ కథ పెదనాన్నగారు ఇంటికొచ్చిన ప్రతివాడికీ చెప్పేవారు, నేనే పదిసార్లు విన్నాను.

ఒక్కటి మాత్రం చెప్పేవారు కాదు. ఆ కార్టూన్ల మీద ఆయన పేరు లేదు. దర్శకత్వం అన్నచోట బాస్ పేరే ఉంటుంది. కార్టూన్లకి డబ్బు పెట్టి తమ సరుకు అమ్ముకునే కంపెనీ వాళ్ళు ఈ పరాయి పేరు చూసి ఎవరితను అని అడుగుతారు, వచ్చే ఏడాది చూద్దామని బాస్ అన్నాడట. ఆ వచ్చే ఏడాది రాకుండానే స్టూడియో మూతపడింది. ఈ సంగతి నాకు చెప్పింది పెద్దమ్మ, చిక్కుడుకాయలకి ఈనెలు తీస్తూ. “పెళ్ళికి ముందే మా వాళ్ళందరితో చెప్పుకున్నానే అమ్మాయ్, ఆయన టెలివిజన్‌లో డైరెక్టరని. అప్పటికి బందర్లో టెలివిజన్ అంటే ఏమిటో ఎవడికి తెలుసు? ఇక్కడికొచ్చి మొదటిరోజు దాని ముందు కూచున్నాను. పేర్లు వచ్చాయి, పోయాయి. ఈయన పేరు రాలేదు. నేను రెప్ప వేశానేమో అనుకున్నాను.” ఆవిడ గొంతులో నిష్ఠూరం లేదు. అందుకే నాకు ఎక్కువ కష్టంగా తోచింది.

ఇదిలా ఉండగా ఒక యూనివర్సిటీ నుంచి కరపత్రం వచ్చింది. తొలినాటి టీవీ కార్టూన్లని బాగుచేసి చికాగోలో ప్రదర్శిస్తున్నారు, తర్వాత డీవీడీగా తెస్తారు. ఎలుగుబంటి పక్కన దర్శకుడిగా బాస్ పేరు. పైగా “బొమ్మల ఖర్చు తగ్గించడానికి ఆయన కనిపెట్టిన ప్రసిద్ధమైన తల ఊపు” అని ఒక వాక్యం. పెద్దమ్మ ఆ కాగితాన్ని నా ముందు పెట్టి “ఈమెయిల్ కొట్టు” అంది. పెదనాన్నగారు కస్సుమన్నారు. “ఈ వయసులో నా పేరు పెట్టండని అడుక్కోనా?” అన్నారు. “మీరు అడగక్కర్లేదు, పిల్ల అడుగుతుంది” అంది ఆవిడ. నేను రాశాను. ప్రదర్శన చూసుకునే మెగన్ అనే అమ్మాయి మర్యాదగానే జవాబిచ్చింది, ఆధారం ఏదైనా ఉంటే పంపమని.

ఆధారం కోసం బేస్‌మెంట్ అంతా తిరగేశాం. కాగితాల్లో సగం ఒకసారి నీళ్ళొచ్చి నానిపోయాయట. మిగిలిన సగం వెనక్కి తిప్పితే పులిహోర, బొబ్బట్లు, మాగాయ. పెద్దమ్మ నాలుక కరుచుకుంది. “ఒకపక్క తెల్లగా ఉన్న కాగితం పారేయడం ఎందుకని...” అని నసిగింది. అసలు దెబ్బ అది కాదు. ప్రతి కాగితం మీదా డైరెక్టర్ అన్న గడిలో, పెదనాన్నగారి సొంత చేతిరాతతో, బాస్ పేరు రాసి ఉంది. స్టూడియోలో అదే రివాజట. మెగన్‌కి పంపితే ఆమె బాధపడుతూనే రాసింది: ఇది మీ పెదనాన్నగారు నింపారని తెలుస్తోంది, కాని గుమాస్తా కూడా నింపవచ్చు కదా అని. నిజమే, నేనైనా అదే అనేదాన్ని.

ఆ శనివారం నా ఫ్రెండ్ స్రవంతి వచ్చింది. వరంగల్ పిల్ల, మనసులో ఏదీ దాచుకోదు. పెదనాన్నగారు పాత టేపు పెట్టి ఎలుగుబంటిని చూపించారు. ఆయన పొదుపు కథ ఎత్తుకునేలోగానే స్రవంతి పకపకా నవ్వింది. “అంకుల్, ఈ ఎలుగుబంటి మనోడే కదా. మా ఊర్ల కిరాణం సేటు గిట్లనే ఊపుతడు తలకాయ. అవునంటడా కాదంటడా, ఇక్కడోళ్ళకేం సమజైతది?” అంది. నేనూ నవ్వాను. పెదనాన్నగారు నవ్వలేదు. టేపు ఆపి కిందికి వెళ్ళిపోయారు. కాఫీకి రాలేదు, టిఫినుకి రాలేదు. స్రవంతి బిక్కమొహం వేసుకుని “నేనేమన్న తప్పు మాట్లాడిన్నా?” అని అడిగి వెళ్ళిపోయింది.

సాయంత్రం నేను కాఫీ పట్టుకుని బేస్‌మెంట్‌లోకి దిగాను. ఆయన పాత బల్ల ముందు, గోడకున్న అద్దంలో మొహం చూసుకుంటూ కూర్చున్నారు. “ఆ పిల్ల చెప్పిందే నిజం” అన్నారు నావైపు తిరక్కుండా. “ప్రతి కదలికా ఈ అద్దం ముందు నేను చేసి, వాచీతో కొలుచుకుని గీసేవాణ్ణి. అవును అని చేశాను. నా తల ఎలా ఊగిందో అలా గీశాను. అన్నేళ్ళు వాళ్ళ మధ్య తిరిగినా, నా తల వాళ్ళ తలలాగా ఊగదని నాకు తట్టలేదమ్మా. ఉత్తరాలొచ్చాక తెలిసింది. ఉద్యోగం పోతుందని భయమేసింది. పొదుపు అని అప్పటికప్పుడు అల్లాను.” మరి బాస్ అది తన తెలివే అని చెప్పుకున్నాడుగా, మీరు ఎందుకు ఊరుకున్నారని అడిగాను. “వాడెత్తుకుపోయింది నా అబద్ధాన్ని. అబద్ధం పోయిందని ఫిర్యాదు చేస్తానా?” అన్నారు. తర్వాత కాఫీ తాగి, “మీ పెద్దమ్మకి చెప్పకు. ఆవిడకి ఆ పొదుపు కథంటే గొప్ప” అన్నారు.

నాకు ఆ రోజు తెలిసింది ఆయన చిక్కేమిటో. ఆ ఊపు మనవాళ్ళదని చెబితే తప్ప గీసింది ఆయనేనని రుజువు లేదు. పేరు కావాలంటే పొరపాటు ఒప్పుకోవాలి. పనిలో ఒక్క ఫ్రేము తేడా వచ్చినా ఒప్పుకోని మనిషి, జీవితమంతా తెలివి అని చెప్పుకున్నదాన్ని తెలియనితనం అని చెప్పాలి, అదీ భార్య వింటుండగా. చెప్పండి అనడానికి నాకు నోరు రాలేదు. ప్రదర్శనకి వెళ్దామా అని మాత్రం అడిగాను. “బొమ్మ చూడ్డానికి వస్తాను” అన్నారు.

హాలు నిండుగా ఉంది. నెరిసిన తలలవాళ్ళు ఎలుగుబంటి తెర మీదికి రాగానే చిన్నపిల్లలైపోయి తలలాడించారు. పెద్దమ్మ పట్టుచీర కట్టుకుని, కోటు విప్పకుండా కూర్చుంది. ఆట అయ్యాక బాస్ దగ్గర పనిచేసిన ఒక పెద్దమనిషి వేదిక మీద మాట్లాడాడు. తల ఊపు గురించి, తన గురువు పొదుపు గురించి, దాన్ని తను ఇన్నేళ్ళుగా విద్యార్థులకి పాఠంగా చెబుతున్నానని. ప్రశ్నలున్నాయా అని మెగన్ అడిగింది. నా పక్క కుర్చీ కిర్రుమంది. పెదనాన్నగారు లేచి నిలబడ్డారు.

ఆయన ఇంగ్లీషులో అన్నది ఇంచుమించు ఇదీ: “అది పొదుపు కాదు, పొరపాటు. చేసింది నేను. మా ఊళ్ళో అవునంటే తల అలాగే ఊపుతాం. మీరు అలా ఊపరని మీ అమ్మల ఉత్తరాలు వచ్చేదాకా నాకు తెలియదు. భయపడి పొదుపు అని అబద్ధం చెప్పాను. మా బాస్ నమ్మాడు, అందులో ఆయన తప్పు లేదు.” హాల్లో చిన్న నవ్వు లేచి ఆగిపోయింది. మెగన్ ఒక్క క్షణం ఆలోచించి, ఎలా గీశారో చేసి చూపిస్తారా అని అడిగింది. ఆయన నెమ్మదిగా వేదిక ఎక్కారు. వెనక తెర మీద శబ్దం లేకుండా ఎలుగుబంటిని మళ్ళీ వేశారు. ఆయన తెర వైపు చూడలేదు, జనం వైపు తిరిగి అవునన్నారు. తల ఎడమకి వాలింది, రవ్వంత ఆగింది, కుడికి వాలింది. వెనక ఎలుగుబంటి తల కూడా అప్పుడే వాలింది, అక్కడే ఆగింది, అంతలోనే తిరిగింది. మూడుసార్లు అలా జరిగింది. హాలంతా లేచి చప్పట్లు కొట్టింది. పాఠం చెప్పే ఆ పెద్దమనిషి వచ్చి ఆయన చెయ్యి పట్టుకుని, నా విద్యార్థులకి రేపు వేరే పాఠం చెప్పాలి అన్నాడు. గొప్పకి ఎవరైనా హక్కు అడుగుతారు, పొరపాటుకి హక్కు అడిగినవాణ్ణి ఇదే చూడటం అని మెగన్ నాతో అంది. నాకు ఏడుపొచ్చింది. మా నాన్న నన్ను ఎయిర్‌పోర్టులో దింపినప్పుడు కూడా నేను అంత ఏడవలేదు.

కారు నేను డ్రైవ్ చేశాను. ఇద్దరూ వెనక సీట్లో కూర్చున్నారు. ఇంటి దారిలో నేపర్‌విల్ దాటాక పెదనాన్నగారే అన్నారు, “నీకు కూడా అబద్ధమే చెప్పాను సుభద్రా.” “తెలుసు” అంది పెద్దమ్మ. “మొదటిసారి చూసినప్పుడే అనుకున్నాను, ఇది మా మామగారి తల కదా అని. నేనూ బందరుదాన్నేగా.” “మరి ఇన్నేళ్ళూ అనలేదేం?” “పొదుపు పొదుపు అని మీరు అంత మురిసిపోతుంటే ఎలా అంటాను?” అంది. అద్దంలోంచి చూస్తే ఆయన మొహం కిటికీ వైపు తిప్పుకుని ఉంది, భుజాలు ఊగుతున్నాయి. నవ్వుతున్నారో ఏమో నాకు తెలియలేదు, నేను రోడ్డు చూసుకున్నాను.

ఇప్పుడు మా అమ్మాయి సినిమా అయిపోగానే, పేర్లు మొదలవకముందే బటన్ నొక్కి ఇంకోదానికి వెళ్ళిపోతుంది. ఫోన్లో తనే బొమ్మలు ఆడించి స్నేహితులకి పంపుతుంది, కింద దాని పేరు అదంతటదే పడుతుంది. పేరు పడటం అంటే ఇప్పుడు అంత తేలిక. నేనేమీ ఆ రోజులే మంచివని అనను. అద్దం ముందు తల ఊపి కొలుచుకునే శ్రమ లేకపోవడం సుఖమే. కాని పేర్లు వచ్చేటప్పుడు మాత్రం నేను రిమోట్ లాక్కుంటాను. ఎవరో ఒకరి ఇంట్లో ఎవరో ఒకరు ఆ పేరు కోసం ఒళ్ళంతా కళ్ళు చేసుకుని కూర్చుని ఉంటారని చెబుతాను. అది “ఓకే అమ్మా” అంటుంది, పాపం కూర్చుంటుంది కూడా.

ఆ డీవీడీ ప్రదర్శన తర్వాతి ఎండాకాలంలో పెదనాన్నగారింటికి పోస్టులో వచ్చింది. అప్పటికి నా చదువు అయిపోయింది, ఉద్యోగానికి వెళ్ళేముందు మిగిలిన వారం అది. మధ్యాహ్నం భోజనాలయ్యాక పెట్టాం. సంగీతం వచ్చింది, రైలు గేటు వచ్చింది, తర్వాత నీలం అట్ట మీద తెల్లటి అక్షరాలు: దర్శకత్వం, వెంకటరత్నం. పెద్దమ్మ నా చేతిలోంచి రిమోట్ తీసుకుంది. ఆవిడ ఏనాడూ దాన్ని ముట్టుకోగా నేను చూడలేదు. ఏ బటనని అడిగి, నొక్కి, బొమ్మని ఆపింది. తర్వాత భోజనాల బల్ల దగ్గర్నుంచి కుర్చీ ఈడ్చుకొచ్చి టీవీకి ఎదురుగా వేసుకుని కూర్చుంది. పెదనాన్నగారు ఇబ్బందిగా కదిలారు. “పేరుకి రెండు సెకన్లు చాలు సుభద్రా. అంతకంటే నిలబెడితే చూసేవాళ్ళు లేచిపోతారు” అన్నారు.

“లేచేవాళ్ళని లేవనివ్వండి” అంది పెద్దమ్మ. “నేను కూచుంటాను.”